నెల్లూరు తీరంలో అనుమతుల నిరీక్షణ: ప్రభుత్వ జాప్యానికి న్యాయస్థానాలు చూపిన దారి

నెల్లూరు తీరప్రాంతంలో ఉప్పు పండించేవారు, అబ్రకం తవ్వించేవారు, సిలికా ఇసుక ఎత్తేవారు, రొయ్యల గుంటలు వేసేవారు వేర్వేరు వృత్తులకు చెందినవారైనా, పని మొదలుపెట్టాలంటే ప్రభుత్వం ఇచ్చే అనుమతి పత్రం చేతిలో ఉండాలన్న నిబంధన వారందరికీ సమానంగా వర్తిస్తూ వచ్చింది. ఆ పత్రం కోసం దరఖాస్తు పెట్టినవారికి మూడు రకాల అనుభవాలు ఎదురవుతాయి: అధికారి అనుమతి ఇవ్వవచ్చు, కారణం చెప్పి నిరాకరించవచ్చు, లేదా ఏ జవాబూ చెప్పకుండా దస్త్రాన్ని అట్టిపెట్టవచ్చు. మొదటి రెంటిలో నిర్ణయమంటూ ఒకటి ఉంటుంది కనుక దానిని ఆమోదించడమో, పైవారి దగ్గర ప్రశ్నించడమో సాధ్యపడుతుంది. మూడవదానిలో ప్రశ్నించడానికి ఉత్తర్వే ఉండదు. కావలి నుంచి పులికాట్ సరస్సు వరకు సాగే ఈ తీరంలోను, దానికి పడమరగా ఉన్న గూడూరు, రాపూరు మెట్టప్రాంతంలోను రెండు శతాబ్దాల పాటు ఈ మూడవ పరిస్థితికి చట్టం ఏ అర్థం చెప్పింది, న్యాయస్థానాలు ఎంతవరకు ఆదుకోగలిగాయి అన్నది ఈ వ్యాసంలోని విషయం. 2022లో జరిగిన జిల్లాల పునర్విభజనతో సరిహద్దులు మారినప్పటికీ, ఇక్కడ చెప్పబోయే చరిత్ర ఉమ్మడి నెల్లూరు జిల్లాది.

ఉప్పు కొఠార్ల కాలం

ఈ తీరంలో అనుమతి వ్యవస్థకు మొదటి రూపం ఉప్పుతో వచ్చింది. 1805లో మద్రాసు ప్రభుత్వం ఉప్పు తయారీని, అమ్మకాన్ని తన గుత్తాధిపత్యంలోకి తీసుకున్నది; అంటే కయ్యలలో ఉప్పు పండించేది రైతే అయినా, పండినదంతా సర్కారు కొఠారుకు చేరవలసిందే, సర్కారు నిర్ణయించిన ధరకే అమ్ముడుపోవలసిందే. పంతొమ్మిదవ శతాబ్దపు చివరి భాగంలో ఈ పద్ధతి పక్కన ఎక్సైజు పద్ధతి ప్రవేశించింది. ఇందులో లైసెన్సు పొందిన తయారీదారు తానే ఉప్పు పండించి, సుంకం చెల్లించి, బయట అమ్ముకోవచ్చు. 1889 నాటి మద్రాసు ఉప్పు చట్టం ఈ లైసెన్సులకు ఆధారమైంది. అల్లూరు ప్రాంతంలోని ఇస్కపల్లి వంటి చోట్ల తీరం వెంబడి పరచుకున్న ఉప్పు కయ్యలలో ఎవరు పని చేయాలి, ఎంత విస్తీర్ణంలో చేయాలి అనేది అప్పటినుంచి ఉప్పు శాఖ కార్యాలయంలో తేలే విషయమైంది.

ఉప్పు పంటకు ఋతువు ఉంటుంది. ఈశాన్య ఋతుపవనం వెనుదిరిగాక కయ్యలు చదునుచేసి, నీరు పెట్టి, వేసవి ఎండల్లో గీరితే తప్ప ఉప్పు చేతికి రాదు. లైసెన్సు మార్గశిరంలో రావలసింది వైశాఖంలో వస్తే ఆ ఏటి పంట పోయినట్లే. ఇంతటి నష్టం కలిగించగల ఆలస్యానికి వలస పాలనలో ఉన్న మందు పై అధికారికి అర్జీ పెట్టుకోవడమే. కలెక్టరు దగ్గర ఆగితే మద్రాసులోని రెవెన్యూ బోర్డుకు, అక్కడ ఆగితే గవర్నరు ప్రభుత్వానికి అర్జీ వెళ్ళేది. 1786లో ఏర్పడిన ఈ బోర్డు భూమిశిస్తు వ్యవహారాలకే కాక ఆదాయానికి సంబంధించిన అనేక విషయాలకు పైమెట్టుగా ఉండేది. అయితే అర్జీని ఫలానా గడువులోగా తేల్చాలని బోర్డును బంధించే నియమం లేదు. అర్జీ వినడం ప్రభుత్వపు దయగా ఉండేదే తప్ప అర్జీదారు హక్కుగా ఉండేది కాదు. 1931 మార్చిలో గాంధీ, ఇర్విన్‌ల మధ్య కుదిరిన ఒడంబడిక ఉప్పు దొరికే ప్రాంతాల గ్రామస్థులు తమ ఇంటి అవసరాలకు, ఊరిలో అమ్ముకోవడానికి ఉప్పు చేసుకోవచ్చునని అంగీకరించింది. జాప్యం బాధ నుంచి ఈ తీరంలోని పేదలకు దొరికిన తొలి ఉపశమనం కోర్టు నుంచి కాక, అనుమతి అవసరాన్నే కొంతమేరకు తొలగించిన ఈ రాజకీయ ఒప్పందం నుంచి రావడం గమనించదగినది.

మద్రాసు పొలిమేర దాటని ఆజ్ఞ

చేయవలసిన విధిని చేయని అధికారిని ఆ పని చేయమని ఆదేశించే అధికారం ఇంగ్లండులోని కింగ్స్ బెంచ్ న్యాయస్థానానికి ఎప్పటినుంచో ఉంది. ఆ ఆదేశాన్నే మాండమస్ రిట్ అంటారు. రిట్ అంటే న్యాయస్థానం జారీచేసే ఆజ్ఞాపత్రం, తెలుగు న్యాయగ్రంథాలలో మాండమస్‌కు పరమాదేశం అన్న పేరు వాడుకలో ఉంది. చట్టం మరే పరిష్కారమూ చూపని చోట, న్యాయం జరగవలసి ఉన్న ప్రతి సందర్భంలోను ఈ రిట్ వాడవచ్చునని లార్డ్ మాన్స్‌ఫీల్డ్ 1762లో ఒక తీర్పులో స్పష్టం చేశాడు. 1801లో మద్రాసులో ప్రారంభమైన సుప్రీంకోర్టు, 1862లో దాని స్థానంలో వచ్చిన మద్రాసు హైకోర్టు ఈ అధికారాన్ని వారసత్వంగా పొందినప్పటికీ, అది నెల్లూరు వరకు రాలేదు.

ఇందుకు మూడు అడ్డంకులు ఉన్నాయి. మొదటిది, 1877 నాటి స్పెసిఫిక్ రిలీఫ్ చట్టం. ఈ చట్టం మాండమస్ రిట్‌ను పేరుతో సహా రద్దుచేసి, దాని స్థానంలో 45వ సెక్షన్ కింద అటువంటి ఉత్తర్వునే ఇచ్చే అధికారాన్ని కలకత్తా, మద్రాసు, బొంబాయి హైకోర్టులకు మాత్రమే, అదీ ఆయా నగరాల పరిమితిలో మాత్రమే మిగిల్చింది. మద్రాసు నగరంలోని ఒక అధికారి లైసెన్సు దరఖాస్తును తొక్కిపెడితే నగరవాసి హైకోర్టుకు వెళ్ళగలిగేవాడు. నగరానికి ఉత్తరాన కొద్ది రోజుల బండి ప్రయాణంలో ఉన్న నెల్లూరులో కలెక్టరు అదే పని చేస్తే, అక్కడివారికి ఆ తలుపు మూసే ఉండేది. రెండవది, ఆ సెక్షన్‌లోనే ప్రభుత్వాన్ని బంధించే ఉత్తర్వు ఇవ్వరాదన్న మినహాయింపు. మూడవది, 1781లో కలకత్తా సుప్రీంకోర్టుపై బ్రిటిష్ పార్లమెంటు విధించి, తరువాతి చట్టాలలో మూడు రాజధానుల హైకోర్టులకూ కొనసాగించి, 1935 భారత ప్రభుత్వ చట్టం 226వ సెక్షన్‌లోనూ నిలిపిన నిషేధం. దాని ప్రకారం ప్రభుత్వ ఆదాయానికి సంబంధించిన వ్యవహారాలను హైకోర్టు మొదటి విచారణకు స్వీకరించరాదు. ఉప్పు, గనులు రెండూ ఆదాయ మార్గాలే కనుక ఈ నిషేధపు నీడ వాటిపై ఎప్పుడూ ఉండేది.

ఈ హద్దులు ఎంత గట్టివో 1943లో ప్రీవీ కౌన్సిల్ ఇచ్చిన గారబంధ రైతుల తీర్పు తేల్చిచెప్పింది. ప్రీవీ కౌన్సిల్ అంటే అప్పట్లో భారతీయ కేసులకు లండన్‌లో ఉన్న చిట్టచివరి అప్పీలు న్యాయస్థానం. పర్లాకిమిడి జమీందారీలోని గ్రామాల శిస్తును పెంచుతూ రెవెన్యూ బోర్డు ఇచ్చిన నిర్ణయాన్ని రద్దు చేయాలని అక్కడి రైతులు సర్షియోరరి రిట్ కోరారు. కింది అధికారి ఉత్తర్వును తెప్పించుకుని కొట్టివేసే ఆజ్ఞకు ఆ పేరు. బోర్డు కార్యాలయం మద్రాసు నగరంలోనే ఉన్నది కనుక హైకోర్టుకు అధికారం ఉందన్న వాదనను ప్రీవీ కౌన్సిల్ అంగీకరించలేదు. వివాదంలోని భూమి, రైతులు, జమీందారు అందరూ గంజాం ప్రాంతానికి చెందినవారు కనుక, కార్యాలయం ఎక్కడున్నదన్న ఒక్క కారణంతో నగర న్యాయస్థానపు అధికారం జిల్లాలకు పాకదని నిర్ణయించింది. గంజాం రైతుకు వర్తించిన సూత్రం నెల్లూరు ఉప్పు రైతుకూ వర్తించింది. జిల్లా కోర్టులో సివిల్ దావా వేసే దారి మిగిలి ఉన్నా, 1908 సివిల్ ప్రొసీజర్ కోడ్ 80వ సెక్షన్ ప్రకారం ప్రభుత్వంపై దావాకు రెండు నెలల ముందు నోటీసు ఇవ్వాలి. ఆ తరువాత విచారణ, అప్పీళ్ళు. ఒక పంటకాలపు లైసెన్సుకు అది ఏ విధంగానూ పనికొచ్చే పరిష్కారం కాదు.

రాజ్యాంగం తెరిచిన ద్వారం

1950 జనవరి 26న అమలులోకి వచ్చిన రాజ్యాంగం ఈ మూడు అడ్డంకులనూ ఒకేసారి తొలగించింది. 226వ అధికరణం ప్రతి హైకోర్టుకు తన పరిధిలోని మొత్తం భూభాగంలో, ప్రభుత్వంతో సహా ఏ అధికారికైనా రిట్లు జారీచేసే శక్తిని ఇచ్చింది. 225వ అధికరణం ఆదాయ వ్యవహారాలపై ఉన్న పాత నిషేధాన్ని ఎత్తివేసింది. ఆంధ్ర రాష్ట్రం ఏర్పడిన మరుసటి ఏడు, 1954 జూలైలో, గుంటూరులో హైకోర్టు ప్రారంభమై, కోకా సుబ్బారావు దానికి తొలి ప్రధాన న్యాయమూర్తి అయ్యారు. 1956 నవంబరులో ఆంధ్రప్రదేశ్ అవతరణతో హైకోర్టు హైదరాబాదుకు మారింది. 2019 జనవరి 1 నుంచి అమరావతి కేంద్రంగా ఉంది. ప్రయాణ దూరం మారినా, నెల్లూరు దరఖాస్తుదారు నేరుగా హైకోర్టు తలుపు తట్టగల హక్కు 1950 నుంచి తిరిగి పోలేదు.

కొత్త ద్వారానికీ ఒక గడప మిగిలింది. 1952 ఎన్నికలలో గెలిచి, శాసనసభ సభ్యత్వపు అర్హత వివాదంలో చిక్కుకున్న సాకా వెంకటరావు కేసులో మద్రాసు హైకోర్టు ఎన్నికల సంఘానికి వ్యతిరేకంగా రిట్ జారీచేస్తే, 1953లో సుప్రీంకోర్టు దానిని తప్పుపట్టింది. ఎన్నికల సంఘం ఢిల్లీలో ఉన్నది కనుక దానిపై మద్రాసు హైకోర్టుకు అధికారం లేదని చెప్పింది. ఈ తీర్పు ప్రభావం ఎన్నికలను దాటి చాలా దూరం వెళ్ళింది. గనుల వ్యవహారంలో చివరి మాట ఢిల్లీలోని కేంద్ర ప్రభుత్వానిదైనప్పుడు, అక్కడ ఆగిన దస్త్రం గురించి తెలుగువారు తమ హైకోర్టులో అడగలేని స్థితి ఏర్పడింది. 1963లో వచ్చిన పదిహేనవ రాజ్యాంగ సవరణ, వివాదానికి కారణమైన సంఘటన పూర్తిగా గాని కొంతవరకు గాని ఎక్కడ జరిగితే అక్కడి హైకోర్టు కూడా రిట్ ఇవ్వవచ్చునని చేర్చి ఈ లోపాన్ని సరిదిద్దింది. గారబంధ తీర్పు గీసిన గీతను ఈ సవరణ తలకిందులు చేసిందనవచ్చు. కార్యాలయం ఎక్కడున్నదన్న దానికన్నా కష్టం ఎక్కడ కలిగిందన్న దానికి విలువ వచ్చింది.

అబ్రకం గనులలో మౌనానికి అర్థం

గూడూరు, సైదాపురం, రాపూరు ప్రాంతాలలో పంతొమ్మిదవ శతాబ్దపు చివరినాటికి అబ్రకం తవ్వకాలు వ్యాపార స్థాయికి చేరాయి. భూగర్భ పరిశోధక శాఖకు చెందిన టి. హెచ్. హాలండ్ 1902లో ప్రచురించిన భారతీయ అబ్రకం నిక్షేపాల గ్రంథంలో నెల్లూరు గనుల వివరణ ఉంది. వేడికి, విద్యుత్తుకు తట్టుకునే గుణం వల్ల ఈ రేకులకు విద్యుత్ పరికరాల తయారీలో విలువ పెరిగింది. నేల కింది ఖనిజంపై హక్కు ఎవరిదన్న ప్రశ్న మాత్రం చాలాకాలం తెగలేదు. వెంకటగిరి సంస్థానం వంటి జమీందారీలలో ఒక విధంగా, బ్రాహ్మణులకు దానమిచ్చిన శ్రోత్రియం గ్రామాలలో మరో విధంగా వాదనలు సాగాయి. 1948 ఎస్టేట్ల రద్దు చట్టం తరువాత, నెల్లూరు జిల్లాలోని ఒక శ్రోత్రియం గ్రామపు అబ్రకం గనుల వివాదంలో, శ్రోత్రియం దానం ఇచ్చినంత మాత్రాన భూగర్భంపై హక్కు దానగ్రహీతకు సంక్రమించదని 1962లో సుప్రీంకోర్టు నిర్ణయించింది. దీనితో గని కావలసినవారు భూస్వామిని కాక ప్రభుత్వాన్నే ఆశ్రయించవలసిన పరిస్థితి స్థిరపడింది.

ఆ ఆశ్రయానికి నడిచే దారిని 1957 గనుల, ఖనిజాల చట్టం, 1960 ఖనిజ రాయితీ నియమాలు ఏర్పరచాయి. జాప్యం చరిత్రలో ఈ నియమాలకు ప్రత్యేక స్థానం ఉంది. మైనింగ్ లీజు దరఖాస్తును రాష్ట్ర ప్రభుత్వం నిర్ణీత నెలల్లోగా పరిష్కరించాలని, అలా పరిష్కరించకపోతే దరఖాస్తును తిరస్కరించినట్లే భావించాలని అవి చెప్పాయి. పైకి ఇది దరఖాస్తుదారుకు శిక్షలా కనిపిస్తుంది కాని, దీని ఉద్దేశం వేరు. తిరస్కరణ ఉత్తర్వు అంటూ ఒకటి ఉన్నట్లు భావిస్తేనే దానిపై కేంద్ర ప్రభుత్వానికి రివిజన్ పెట్టుకునే వీలు కలుగుతుంది. రివిజన్ అంటే కింది నిర్ణయాన్ని తిరిగి పరిశీలించమని పై అధికారిని కోరడం. ఫ్రాన్సులో 1864లో వచ్చిన ఒక ఉత్తర్వు, 1900 నాటి చట్టం సరిగ్గా ఈ ఆలోచనతోనే, నాలుగు నెలల అధికార మౌనాన్ని తిరస్కరణగా పరిగణించి న్యాయవిచారణకు దారి తీశాయి. జర్మనీ 1960లో మరో మార్గం ఎంచుకుని, తగిన కారణం లేకుండా మూడు నెలలు నిర్ణయం చేయని కార్యాలయంపై నేరుగా దావా వేసే వీలు కల్పించింది.

అయితే మౌనాన్ని తిరస్కరణగా మార్చిన నియమంలో ఒక లోటు ఉంది. ప్రభుత్వం నోరు విప్పి నిరాకరిస్తే కారణం రాయాలి, ఆ కారణం తప్పని నిరూపించవచ్చు. నోరు విప్పకుండా కాలం గడిపితే కారణమే ఉండదు, రివిజన్‌లో ఖండించడానికీ ఏమీ ఉండదు. శ్రమలేని ఈ మార్గం కార్యాలయాలకు అనుకూలంగా ఉండడంలో ఆశ్చర్యం లేదు. గడువు ముగిసిన లీజును కొనసాగించే దరఖాస్తుల విషయంలో తరువాతి సవరణలు దీనికి విరుద్ధమైన సూత్రాన్ని తెచ్చాయి: పునరుద్ధరణ దరఖాస్తును సకాలంలో పెట్టి, ప్రభుత్వం తేల్చకుండా ఉంటే, తేల్చేవరకు పాత లీజు కొనసాగుతున్నట్లే భావించాలి. ఒకే నియమావళిలో కొత్తగా వచ్చినవాడికి మౌనం నిరాకరణ, లోపల ఉన్నవాడికి మౌనం అంగీకారం అయింది. ఈ సౌలభ్యం కింద దేశంలో అనేక గనులు ఏళ్ళ తరబడి నడిచాయి. ఇది మొదటి పునరుద్ధరణకే వర్తిస్తుందని, ఆ తరువాతి వాటికి ప్రభుత్వం కారణాలతో కూడిన ఉత్తర్వు ఇచ్చి తీరాలని 2014లో గోవా గనుల కేసులో సుప్రీంకోర్టు హద్దు విధించింది.

నిరీక్షిస్తున్న కాలంలో చట్టమే మారిపోతే దరఖాస్తుదారు గతి ఏమిటన్న ప్రశ్నకు 1981లో తమిళనాడు నల్లరాతి గనుల కేసులో జవాబు వచ్చింది. హింద్ స్టోన్ కేసుగా ప్రసిద్ధమైన ఆ తీర్పును రాసిన న్యాయమూర్తి ఓ. చిన్నపరెడ్డి తెలుగువారు. దరఖాస్తును సహేతుకమైన కాలంలో పరిష్కరించాలన్నది నిజమే అయినా, ఆలస్యం జరిగినంత మాత్రాన దరఖాస్తు పెట్టిన రోజునాటి నియమాల ప్రకారమే తేల్చాలని కోరే హక్కు రాదని, నిర్ణయం జరిగే రోజున అమలులో ఉన్న నియమమే వర్తిస్తుందని ఆ తీర్పు సారాంశం. ఖనిజ సంపద ప్రజలందరిదీ కనుక దాని విషయంలో విధానం మార్చుకునే స్వేచ్ఛ ప్రభుత్వానికి ఉండాలన్న దృష్టి ఇందులో ఉంది. దరఖాస్తుదారు వైపు నుంచి చూస్తే మాత్రం, ఆలస్యం చేసినవారికే ఆ ఆలస్యం నుంచి లాభం పొందే అవకాశం దొరికింది. 2015లో ఇదే సూత్రం మరింత కఠినంగా ఎదురైంది: 1957 చట్టంలోకి వేలం పద్ధతిని తెచ్చిన ఆ ఏటి సవరణ, 10ఏ సెక్షన్ కింద కొన్ని మినహాయింపులు తప్ప, అప్పటివరకు తేలకుండా ఉన్న దరఖాస్తులన్నిటినీ ఒక్క వాక్యంతో అనర్హమైనవిగా చేసింది.

అదే ఏడు ఫిబ్రవరిలో అబ్రకం, సిలికా ఇసుకతో సహా 31 ఖనిజాలను కేంద్రం చిన్న తరహా ఖనిజాలుగా ప్రకటించి, వాటి నిర్వహణను రాష్ట్రాల చేతికి ఇచ్చింది. చిల్లకూరు మండలంలోని మోమిడి, బల్లవోలు వంటి గ్రామాల దగ్గర దొరికే, గాజు పరిశ్రమకు పోయే తెల్లని ఇసుక అప్పటినుంచి రాష్ట్ర నియమాల కిందికి వచ్చింది. అబ్రకాన్ని 2025 ఫిబ్రవరిలో తిరిగి ప్రధాన ఖనిజాల జాబితాలో చేర్చారు. పదేళ్ళలో ఒకే ఖనిజానికి అధికారి ఎవరన్నది రెండుమార్లు మారిన చోట, మధ్యలో చిక్కిన దరఖాస్తుకు ఎవరిని అడగాలన్నదే మొదటి ప్రశ్న అవుతుంది.

రొయ్యల గుంటలు: కోర్టే కోరిన అనుమతి

1990ల తొలి ఏళ్ళలో నెల్లూరు తీరంలో, కండలేరు క్రీకుకు ఇరువైపులా రొయ్యల సాగు విపరీతంగా విస్తరించింది. సముద్రపు పోటుకు నీరు లోపలికి వచ్చి పోయే పాయను క్రీకు అంటారు. ఒకే పాయ నుంచి నీరు తోడుకుని, వాడిన నీటిని అదే పాయలోకి వదలడంతో కాలుష్యం పెరిగింది. 1994-95లో తెల్లమచ్చల తెగులు గుంటలను దెబ్బతీసింది. అప్పటికి సాగును నియంత్రించే ప్రత్యేక చట్టం గాని, అనుమతి ఇచ్చే ప్రత్యేక సంస్థ గాని లేదు. 1991 ఫిబ్రవరి 19 నాటి తీరప్రాంత నియంత్రణ ప్రకటన పోటుగీత నుంచి 500 మీటర్ల వరకు కార్యకలాపాలపై ఆంక్షలు పెట్టినా, వాటిని రొయ్యల గుంటలకు వర్తింపజేసినవారు లేరు.

తమిళనాడు సర్వోదయ నాయకుడు ఎస్. జగన్నాథన్ వేసిన ప్రజాహిత వ్యాజ్యంలో సుప్రీంకోర్టు 1996 డిసెంబరు 11న ఇచ్చిన తీర్పు ఆ శూన్యాన్ని నింపింది. నాగపూరులోని పర్యావరణ పరిశోధన సంస్థ నీరి శాస్త్రజ్ఞులు ఆంధ్ర, తమిళనాడు తీరాలను పరిశీలించి ఇచ్చిన నివేదికలు ఆ తీర్పుకు ఆధారాలలో ముఖ్యమైనవి. సంప్రదాయ సాగు మినహా, నియంత్రణ పరిధిలోని గుంటలను 1997 మార్చి 31లోగా తొలగించాలని, పులికాట్, చిలికా సరస్సులకు 1000 మీటర్లలోపు సాగు చేయరాదని, పరిధి బయట ఉన్నవారు 1997 ఏప్రిల్ 30లోగా కొత్త ప్రాధికార సంస్థ అనుమతి పొందాలని కోర్టు ఆదేశించింది. ఆ సంస్థను ఏర్పాటు చేయడానికి కేంద్రానికి 1997 జనవరి 15 వరకు గడువు ఇచ్చింది. ఫిబ్రవరిలో అది ఏర్పడింది. ఈ సంఘటనలో ప్రభుత్వ నిష్క్రియ మరో ముఖం చూపింది. అనుమతి అడిగినవాడికి జవాబు ఇవ్వకపోవడమే కాక, అనుమతి అడగవలసిన వ్యవస్థనే సకాలంలో నిర్మించకపోవడం కూడా జాప్యమేనని, దానివల్ల నష్టపోయేవారిలో బావినీరు ఉప్పుబారిన తీర గ్రామాల ప్రజలు కూడా ఉంటారని ఇది తెలిపింది.

తీర్పుపై రివ్యూ పిటిషన్లు దాఖలై, తొలగింపు ఆగింది. ఎనిమిదేళ్ళ అనిశ్చితి తరువాత పార్లమెంటు 2005లో తీరప్రాంత జలచర సాగు ప్రాధికార సంస్థ చట్టం చేసింది. 1991 ప్రకటనలోని ఆంక్ష ఈ సాగుకు మొదటినుంచీ వర్తించనట్లుగా వెనుకటి తేదీతో సవరించింది. చెన్నై కేంద్రంగా పనిచేసే ఈ సంస్థ దగ్గర ప్రతి గుంట నమోదు కావాలి. దరఖాస్తు ముందుగా కలెక్టరు అధ్యక్షతన ఉండే జిల్లా కమిటీకి వెళ్తుంది. రెండు హెక్టార్లలోపు అయితే అక్కడినుంచి నేరుగా, అంతకు మించితే రాష్ట్ర కమిటీ ద్వారా చెన్నైకి చేరుతుంది. నమోదు లేకుండా సాగు చేస్తే మూడేళ్ళ వరకు జైలు, లక్ష రూపాయల వరకు జరిమానా విధించవచ్చునని చట్టం చెప్పింది. సంస్థ జవాబు ఇవ్వడంలో ఆలస్యం చేసినా శిక్షకు గురయ్యే అవకాశం మాత్రం రైతుకే ఉండడం ఈ ఏర్పాటులోని అసమతౌల్యం. జైలుశిక్షను తీసివేసి జరిమానాలను ఉంచిన 2023 సవరణ దానిని కొంత తగ్గించింది.

పరిష్కరించండి అన్న ఆదేశపు విలువ

నేడు ఉమ్మడి నెల్లూరు జిల్లాకు చెందిన దరఖాస్తుదారు జాప్యంపై హైకోర్టుకు వెళ్ళినప్పుడు సాధారణంగా దొరికేది, దరఖాస్తును చట్టప్రకారం పరిశీలించి ఇన్ని వారాలలోగా తగిన ఉత్తర్వు ఇవ్వమనే ఆదేశం. ఇందులో కోర్టు లైసెన్సు ఇవ్వదు, ఇవ్వమనీ చెప్పదు. అవునో కాదో చెప్పమని మాత్రమే చెబుతుంది. ముందుగా అధికారిని లిఖితపూర్వకంగా అడిగి ఉండాలని, ఆయన నిరాకరించి గాని మిన్నకుండి గాని ఉండాలని 1974లో సరస్వతి ఇండస్ట్రియల్ సిండికేట్ కేసులో సుప్రీంకోర్టు గుర్తుచేసింది. విచక్షణాధికారం ఉన్న అధికారి దానిని వాడకపోతే వాడమని హైకోర్టు ఆదేశించవచ్చునని, తగిన సందర్భంలో ఆయన ఇవ్వవలసిన ఉత్తర్వును తానే ఇవ్వవచ్చునని 1986లో కంప్ట్రోలర్ అండ్ ఆడిటర్ జనరల్‌కు సంబంధించిన కేసులో విస్తృతంగా చెప్పినా, ఆ రెండవ మాటను కోర్టులు చాలా అరుదుగా వాడాయి. గడువు దాటితే అనుమతి వచ్చినట్లేనన్న ఊహకు సైతం చట్టంలో స్పష్టమైన మాట ఉండాలని 1980లో ఢిల్లీ లేఅవుట్ కేసులో తేలింది.

పరిశీలించమన్న ఉత్తర్వు సులువుగా దొరుకుతుంది కనుకనే దాని బలహీనతపై సుప్రీంకోర్టే హెచ్చరించవలసి వచ్చింది. ఆంధ్రప్రదేశ్ ఆర్టీసీకి చెందిన ఒక కేసులో 2006లో న్యాయమూర్తి ఆర్. వి. రవీంద్రన్, హక్కు ఏమిటో తేల్చి తరువాత పరిశీలించమనడానికి, ఏమీ తేల్చకుండా పరిశీలించమనడానికి ఉన్న తేడాను వివరించారు. రెండవ రకం ఉత్తర్వుతో అధికారి ఒక పంక్తి తిరస్కరణ రాసి పంపితే, దరఖాస్తుదారు మళ్ళీ కొత్త రిట్‌తో మొదటికి రావలసి ఉంటుంది. ఆదేశాన్ని లెక్కచేయని అధికారిపై 1971 కోర్టు ధిక్కరణ చట్టం కింద ఏడాదిలోగా పిటిషన్ వేయవచ్చు. ఆ భయమే చాలా దస్త్రాలను కదిలిస్తుంది. దస్త్రం ఎక్కడ ఆగిందో తెలుసుకోవడానికి 2005 సమాచార హక్కు చట్టం ముప్పై రోజుల గడువుతో ఒక సాధనం ఇచ్చింది. ఎవరి బల్లపై ఎన్నాళ్ళున్నదో తెలిపే ఆ జవాబు రిట్ పిటిషన్‌లో బలమైన ఆధారం అవుతుంది. ఆలస్యం వల్ల కలిగిన నష్టానికి పరిహారం మాత్రం చాలా అరుదు. ప్రజలను వేధించే అధికారి నుంచి పరిహారం రాబట్టవచ్చునని 1993లో లక్నో అభివృద్ధి సంస్థ కేసులో వినియోగదారుల చట్టం సందర్భంగా సుప్రీంకోర్టు చెప్పినా, లైసెన్సుల వ్యవహారంలో ఆ సూత్రం పెద్దగా వేళ్ళూనలేదు.

ఈ చరిత్ర నుంచి తేలే నిర్ణయం ఇది. న్యాయస్థానాలు ఈ తీరవాసులకు ఇవ్వగలిగింది జవాబు పొందే హక్కే గాని, పోయిన కాలం కాదు. ఉప్పు ఋతువు దాటాక వచ్చిన లైసెన్సు, చట్టం మారాక తెరిచిన గని దస్త్రం, తెగులు వచ్చాక అందిన నమోదు పత్రం ఏ రిట్ వల్లనూ సరికావు. ఉప్పు విషయంలో 1996లో లైసెన్సు విధానాన్నే రద్దుచేశారు. అక్కడ జాప్యం సమస్య అనుమతితోపాటే పోయింది. నీటిని, ఖనిజాన్ని, పొరుగువారి బావిని కాపాడవలసిన చోట్ల అనుమతిని తీసివేయడం సాధ్యం కాదు కనుక, అక్కడ గడువును, ఆ గడువు దాటితే అధికారి లిఖితపూర్వకంగా కారణం చెప్పవలసిన బాధ్యతను చట్టమే స్పష్టంగా రాయాలి. మౌనాన్ని తిరస్కరణగా భావించే పాత నియమమూ, అంగీకారంగా భావించే కొత్త పద్ధతీ రెండూ కార్యాలయాన్ని ఆలోచించే శ్రమ నుంచి తప్పిస్తాయి; మొదటిది దరఖాస్తుదారును, రెండవది తీరగ్రామాన్ని నష్టపరుస్తుంది. అటువంటి చట్టం వచ్చేవరకు దరఖాస్తుదారులు రశీదు పుచ్చుకుని, గడువు ముగియగానే లిఖితపూర్వకంగా అడిగి, అప్పటికీ జవాబు రాకపోతే ఆలస్యం చేయకుండా హైకోర్టును ఆశ్రయించాలి. ప్రభుత్వం చేసిన జాప్యాన్ని ప్రశ్నించేవారు తమ వైపు జాప్యం లేకుండా చూసుకోవడం ఈ పోరాటంలో మొదటి షరతు.